గ్రంథపాతం
(వేటూరి ప్రభాకరశాస్త్రి స్మారకోపన్యాసం)



ప్రభాకరశాస్త్రిగారి పేరు మీద మాట్లాడమని పిలిచినప్పుడు వెంటనే ఒప్పుకోలేకపోయాను. ఆయన 1888లో కృష్ణా జిల్లా పెదకళ్ళేపల్లిలో పుట్టారు. చెళ్ళపిళ్ళ వేంకటశాస్త్రిగారి శిష్యులు. మద్రాసు ప్రాచ్యలిఖిత పుస్తకభాండాగారంలో తాటాకుల నడుమ ఏళ్ళకేళ్ళు గడిపి, తరువాత తిరుపతి చేరి అన్నమాచార్యుల రాగిరేకుల ముందు కూర్చుని, 1950లో కన్నుమూశారు. ఆయన చేసిన పనులన్నిటిలో నన్ను ఎక్కువగా కదిలించేది ఒక్కటుంది. 1918లో ఆయన ‘ప్రబంధరత్నావళి’ అనే సంకలనం అచ్చువేశారు. పెదపాటి జగన్నాథకవి ‘ప్రబంధరత్నాకరం’లాంటి పాత సంకలనాల్లో ఎవరెవరో ఉదాహరించిన పద్యాలను ఏరి, ఆ పద్యాలు తప్ప మరేమీ మిగలని కావ్యాల పేర్లతో, కవుల పేర్లతో కూర్చిన పుస్తకం అది. ఒక కావ్యానికి రెండు పద్యాలు, మరొకదానికి ఒక్కటే. కావ్యం లేదు, ఉందన్న సాక్ష్యం ఉంది.

అలాంటి మనిషిని తలుచుకునే సభలో నేను మాట్లాడబోయేది అసలు ఏనాడూ లేని పుస్తకం గురించి. అమెరికాలో ఒక రచయిత కథల కోసం కల్పించిన మంత్రగ్రంథం గురించి. శాస్త్రిగారి పేరుకు ఇది తగునా అని కొందరు అనుకోవచ్చు. తగుతుందనే నా నమ్మకం. ఎందుకో చెప్పడానికే ఈ గంట.

1

ముందు మాట ఒకటి విడమరచాలి. మన పాత అచ్చుపుస్తకాల్లో, ముఖ్యంగా వ్రాతప్రతుల నుంచి పరిష్కరించిన వాటిలో, పద్యం మధ్యలో చుక్కల వరస కనిపిస్తుంది. పక్కనో అడుగునో ‘గ్రంథపాతము’ అని ఉంటుంది. అంటే అక్కడ కమ్మ విరిగింది, లేదా పురుగు తిన్నది, లేదా నకలు రాసినవాడు ఒక పంక్తి దాటేశాడు. మాతృకలోనే లేదు కాబట్టి నేనివ్వలేను అని పరిష్కర్త పాఠకుడికి చెప్పుకుంటున్నాడు. తెలుగు పాండిత్యంలో ఇంతకంటే నిజాయితీ అయిన మాట నాకు తెలియదు. కుర్రవాణ్ణిగా చదివేటప్పుడు ఆ చుక్కలు అడ్డమనిపించేవి. ఇప్పుడు ముందు వాటి దగ్గరే ఆగుతాను.

మా ఇంట్లో అటక మీద ఒక తాటాకుల కట్ట ఉండేది. రెండు చెక్కల మధ్య నూలుతాడుతో బిగించి, పాత ఎర్రగుడ్డలో చుట్టి ఉంచేవారు. ఏటా సరస్వతీపూజ నాడు మా నాయనమ్మ దాన్ని దింపి, పసుపు రాసి, పువ్వు పెట్టి, మళ్ళీ పైకి ఎక్కించేది. అది మంత్రశాస్త్రమనీ, అర్హత లేనివాడు విప్పితే కళ్ళు పోతాయనీ మాకు చెప్పేది. ఆమె చదువుకోలేదు. ఆమె అత్తగారు ఆమెతో చెప్పింది, ఆమె మాతో చెప్పింది. ఆ కట్ట మీద మాకున్న భయభక్తులు ఈనాటికీ నాకు గుర్తే. లోపల ఏముందో ఎవరికీ తెలియదు. మొదటి కమ్మ లేదు, చివరి కమ్మ లేదు. ఆ కట్టను మా నాయనమ్మ పోయాక, నేను ఉద్యోగంలో చేరాక విప్పాను. ఆ సంగతి చివర చెబుతాను.

నేను చెప్పదలచుకున్నది ఒక్కటే. కల్పించిన పుస్తకం నిజమనిపించాలంటే రచయిత అందులోని మంత్రాన్ని చూపించనక్కర్లేదు. ఆ పుస్తకానికి జరిగిన నష్టాన్ని చూపిస్తే చాలు. ఏ చెయ్యి రాసింది, ఏ చెయ్యి నకలు తీసింది, ఎక్కడ కాల్చారు, ఎన్ని పుటలు పోయాయి అన్నవి చెబితే మనం నమ్ముతాం. ఎందుకంటే మనకు నిజమైన పుస్తకాలు కూడా ఆ దారినే వచ్చాయి.

2

హోవర్డ్ ఫిలిప్స్ లవ్‌క్రాఫ్ట్ 1890లో అమెరికాలోని రోడ్ ఐలాండ్ రాష్ట్రంలో, ప్రావిడెన్స్ పట్నంలో పుట్టాడు. 1937లో అక్కడే, నలభైఆరేళ్ళకు, పేదరికంలో పోయాడు. ఆయన కథలు ఎక్కువగా ‘వియర్డ్ టేల్స్’ అనే చవక కాగితపు పత్రికలో వచ్చాయి. మనిషికి ముందు ఈ విశ్వంలో మహాశక్తులు కొన్ని ఉండేవనీ, వాటి దృష్టిలో మనం లెక్కలోకే రామనీ ఆ కథల సారం. ఆ శక్తుల సంగతి రాసి ఉన్న గ్రంథం పేరు ‘నెక్రోనామికన్’. 1922లో రాసి 1924లో అచ్చయిన ‘ది హౌండ్’ కథలో ఆ పేరు మొదటిసారి కనిపిస్తుంది. పేరు కలలో వచ్చిందని ఆయనే ఉత్తరంలో రాసుకున్నాడు. గ్రంథకర్త పేరు అబ్దుల్ అల్‌హజ్రెద్. ఆ పేరు ఇంకా పాతది. అరేబియన్ నైట్స్ చదివిన మైకంలో, ఐదేళ్ళ వయసులో, తనకు తాను పెట్టుకున్న ఆటపేరది. అరబ్బీ వ్యాకరణానికి ఆ పేరు నిలవదు. ‘అబ్దుల్’లోనే ‘అల్’ ఉంది, తరువాత మళ్ళీ ఇంకొక ‘అల్’ రాదు. పసివాడి పేరు పసివాడి పేరుగానే ఉండిపోయింది.

1927లో లవ్‌క్రాఫ్ట్ తనకోసం, తన కథల్లో తేదీలు తప్పకుండా ఉండటం కోసం, ఆ గ్రంథానికి ఒక చిన్న చరిత్ర రాసి పెట్టుకున్నాడు. ఆయన పోయాక 1938లో అది అచ్చయింది. విద్యార్థులు ఈ భాగం శ్రద్ధగా వినాలి. మనం పీఠికల్లో చదివే ప్రతిచరిత్రల పోలిక ఇందులో స్పష్టంగా ఉంది.

క్రీ.శ. 700 ప్రాంతంలో, ఉమయ్యద్ ఖలీఫాల కాలంలో, యెమెన్ దేశపు సనా నగరంలో అల్‌హజ్రెద్ అనే కవి ఉండేవాడు. బాబిలోను శిథిలాలు, మెంఫిస్ నేలమాళిగలు తిరిగాడు. దక్షిణాన ఉన్న మహా ఎడారిలో పదేళ్ళు ఒంటరిగా గడిపాడు. ముసలితనంలో డమాస్కస్ చేరి ‘అల్ అజీఫ్’ అనే గ్రంథం రాశాడు. రాత్రిపూట పురుగుల రొదను దయ్యాల అరుపుగా భావించేవారట, దానికి ‘అజీఫ్’ అని పేరట. ఈ మాట లవ్‌క్రాఫ్ట్‌కు ‘వాతెక్’ అనే పాత ఇంగ్లీషు నవలకు సామ్యుయేల్ హెన్లీ రాసిన టిప్పణిలో దొరికింది. 738లో కవి పోయాడు. పట్టపగలు, నలుగురూ చూస్తుండగా, కంటికి కనిపించని జంతువేదో మింగేసిందని ఇబ్న్ ఖల్లికాన్ రాశాడని లవ్‌క్రాఫ్ట్ చెబుతాడు. ఇబ్న్ ఖల్లికాన్ నిజంగా ఉన్న మనిషి, ప్రసిద్ధుడైన జీవితచరిత్రకారుడు. ఆయన ఈ మాట రాయలేదు.

950లో కాన్‌స్టాంటినోపుల్‌లో థియొడోరస్ ఫిలెటాస్ అనే పండితుడు ఆ గ్రంథాన్ని రహస్యంగా గ్రీకులోకి అనువదించాడు. ‘నెక్రోనామికన్’ అన్న పేరు అప్పుడు వచ్చింది. 1050లో మైకేల్ అనే మతాధిపతి దాన్ని కాల్పించాడు. 1228లో ఓలాస్ వర్మియస్ లాటిన్ చేశాడు. అప్పటికే అరబ్బీ మూలం పోయిందని వర్మియస్ తన పీఠికలో రాసుకున్నాడు. 1232లో పోపు తొమ్మిదో గ్రెగరీ లాటిన్, గ్రీకు రెండింటినీ నిషేధించాడు. పదిహేనో శతాబ్దంలో జర్మనీలో ఒకసారి, పదిహేడో శతాబ్దంలో స్పెయిన్‌లో కాబోలు మరొకసారి లాటిన్ ప్రతి అచ్చయింది. ఎలిజబెత్ రాణి కాలంనాటి పండితుడు జాన్ డీ ఇంగ్లీషు చేశాడు కాని అచ్చు కాలేదు, తునకలే మిగిలాయి. ఇప్పుడు లాటిన్ ప్రతులు బ్రిటిష్ మ్యూజియంలో ఒకటి, పారిస్ జాతీయ గ్రంథాలయంలో ఒకటి, హార్వర్డ్ వైడెనర్ గ్రంథాలయంలో ఒకటి, బ్యూనస్ ఎయిరిస్ విశ్వవిద్యాలయంలో ఒకటి, ఆర్కమ్ పట్నపు మిస్కటోనిక్ విశ్వవిద్యాలయంలో ఒకటి ఉన్నాయి.

మొత్తం ఇంతే. ఈ చరిత్రలో మంత్రం ఒక్కటీ లేదు. గ్రంథంలో ఏముందో దాదాపు చెప్పలేదు. చెప్పిందల్లా ఎలా పోయిందనే. మూలం పోయింది, అనువాదం కాలింది, అనువాదానికి అనువాదం మిగిలింది, దానికి అనువాదం తునకలైంది. ఒక్కొక్క మెట్టు దగ్గర ఒక్కొక్క భాగం రాలిపోతూ వచ్చింది. చివరి ఐదు చోట్లలో నాలుగు నిజమైనవి, ఐదోది కల్పితం. నాలుగు నిజాల పక్కన నిలబడితే ఐదోదానికీ అనుమానం అంటదు.

వర్మియస్ సంగతి ఒక్కటి చెప్పి ముందుకు వెళతాను. ఆ పేరుగల మనిషి నిజంగా ఉన్నాడు. డెన్మార్క్ వైద్యుడు, పురావస్తువులు పోగుచేసినవాడు, 1588లో పుట్టి 1654లో పోయాడు. లవ్‌క్రాఫ్ట్ ఆయన్ను దాదాపు 400 ఏళ్ళు వెనక్కి జరిపాడు. పాత వ్యాసమొకటి చదివి కాలం తప్పుగా పట్టుకున్నాడని పరిశోధకులంటారు. మన సాహిత్యచరిత్రలో కవుల కాలాల కోసం జరిగిన పోరాటాలు ఎరిగినవారికి ఈ పొరపాటు చాలా దగ్గరిదనిపిస్తుంది. నిజమైన ప్రతిచరిత్రల్లో ఉండే తప్పే ఈ కల్పితచరిత్రలోకీ వచ్చి చేరింది.

లవ్‌క్రాఫ్ట్ స్నేహితులూ చేయి కలిపారు. క్లార్క్ ఆష్టన్ స్మిత్ ‘ఏబాన్ గ్రంథం’ కల్పించాడు. రాబర్ట్ హోవర్డ్ ఒక జర్మన్ గ్రంథాన్ని, పడుచువాడైన రాబర్ట్ బ్లాక్ ఒక లాటిన్ గ్రంథాన్ని కల్పించారు. ఒకరి గ్రంథాన్ని మరొకరు తమ కథల్లో ఉదాహరించుకున్నారు. వేరువేరు రచయితలు ఒకే గ్రంథం పేరు చెబుతుంటే చదివేవాళ్ళు అది ఎక్కడో ఉందని అనుకోక ఏంచేస్తారు? జగన్నాథకవి ఉదాహరించబట్టే కదా పేరు కూడా మిగలకుండా పోవలసిన కవులు మనకు మిగిలింది. ఉదాహరణకున్న బలం అది. ఉన్నదాన్ని అది బతికించగలదు, లేనిదాన్ని పుట్టించనూ గలదు.

ఇక్కడ ఒక అభ్యంతరం చెప్పకుండా ఉండలేను. అల్‌హజ్రెద్‌ను లవ్‌క్రాఫ్ట్ ఎప్పుడూ ‘పిచ్చి అరబ్బు’ అనే పిలుస్తాడు. తూర్పుదేశాల జ్ఞానమంటే చీకటి, పిచ్చి, దయ్యం అన్న చూపు అది. ఆయన ఇతర రచనల్లోనూ పరాయి జాతుల పట్ల ద్వేషం బాహాటంగా ఉంది. నేను దాన్ని క్షమించను. సనా నగరంలో నిజంగా దొరికిందేమిటో చెబితే మీకు నా బాధ అర్థమవుతుంది. 1972లో అక్కడి పెద్దమసీదు మరమ్మతులప్పుడు పైకప్పు దగ్గర వేల సంఖ్యలో పాత ఖురాను ప్రతుల తునకలు బయటపడ్డాయి. పాడైన పవిత్రగ్రంథాన్ని పారేయకూడదని తరతరాలుగా అక్కడ దాచారు. వాటిలో ఒక తోలుప్రతి మీద పాత రాతను చెరిపి కొత్తగా రాసి ఉంది. చెరిపిన రాత అడుగున ఇంకా కనిపిస్తుంది, అందులో పాఠభేదాలున్నాయి. పండితులు ఇప్పటికీ ఆ అడుగురాత చదువుతున్నారు. సనా మనుషులు పిచ్చితో ఏమీ రాయలేదు. చినిగిన కాగితాన్ని కూడా కళ్ళకద్దుకుని దాచారు, మా నాయనమ్మలాగే.

3

‘డన్‌విచ్ హారర్’ అనే లవ్‌క్రాఫ్ట్ కథ 1929లో వచ్చింది. అందులో విల్బర్ వాట్లీ అనే యువకుడు మసాచుసెట్స్ కొండపల్లెలో ఉంటాడు. మనిషిలా కనిపించినా పూర్తిగా మనిషి కాడు. ఆ మహాశక్తులకు తలుపు తెరవాలని వాడి ప్రయత్నం. తాత ఇచ్చిన జాన్ డీ ఇంగ్లీషు ప్రతి వాడి దగ్గరుంది. కాని అది అసమగ్రం. తనకు కావలసిన మంత్రం పూర్తి ప్రతిలో 751వ పుటలో ఉండాలి, ఆ భాగం వీడి ప్రతిలో లేదు. గ్రంథాలయాలకు ఉత్తరాలు రాస్తాడు. చివరికి ఆర్కమ్ వచ్చి లాటిన్ ప్రతిని తన ఇంగ్లీషు ప్రతితో పక్కపక్కన పెట్టుకుని పోల్చడం మొదలుపెడతాడు. పాఠాలు కలవవు. ఒకచోట తేడా, ఒకచోట రెండుసార్లు వచ్చిన మాట, ఒకచోట అర్థం స్థిరపడని మాట.

గంటం పట్టకపోయినా, తాటాకు ముట్టకపోయినా, ఈ విల్బర్ చేస్తున్న పని మన భాండాగారాల్లో పరిష్కర్తలు చేసిన పనే. మాతృకలు ముందేసుకుని పాఠాంతరాలు చూసుకోవడమే. నేను చదివిన భయానక కథల్లో పాఠపరిష్కరణ కథను నడిపించిన కథ ఇదొక్కటే. లోకం నిలవడమూ కూలడమూ ఒక గ్రంథపాతం మీద ఆధారపడి ఉంది. ఆ పుట దొరికితే తలుపు తెరుచుకుంటుంది, దొరక్కపోతే మూసి ఉంటుంది. పక్కన నిలబడి భుజం మీదుగా చూస్తున్న గ్రంథాలయాధికారి ఆర్మిటేజ్‌కు ఒళ్ళు జలదరిస్తుంది. పుస్తకం ఇవ్వనంటాడు, మిగతా గ్రంథాలయాలకూ ఇవ్వొద్దని రాస్తాడు. ఒక రాత్రి విల్బర్ దొంగతనానికి వచ్చి కావలికుక్క బారినపడి చస్తాడు. తరువాత వాడి దినచర్య గూఢలిపిలో దొరికితే, ఆర్మిటేజ్ రాత్రింబగళ్ళు కూర్చుని విప్పి చదివి, ఆ జ్ఞానంతోనే ఊరిని కాపాడతాడు.

దుర్మార్గుడూ పండితుడే, కాపాడినవాడూ పండితుడే. ఇద్దరికీ ఒకే విద్య ఉంది. ఒకడు ఖాళీని ఎలాగైనా పూరించాలనుకున్నాడు, ఒకడు దాన్ని ఖాళీగా ఉంచాలనుకున్నాడు. కథలో 751వ పుటను లవ్‌క్రాఫ్ట్ మనకు చూపలేదు. ఆయన అన్ని కథల్లోనూ కలిపి నెక్రోనామికన్ నుంచి ఇచ్చిన వాక్యాలన్నీ పేరిస్తే రెండు మూడు పుటలు రావు. తక్కినదంతా చుక్కలే.

4

మరో పుస్తకం గురించి కాస్త క్లుప్తంగా చెబుతాను. జె.ఆర్.ఆర్. టోల్కీన్ నవల ‘లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ మొదటి సంపుటం 1954లో వచ్చింది. అందులో మోరియా గనుల్లో, మరుగుజ్జుల రాజు బాలిన్ సమాధి పక్కన, ఒక పుస్తకం దొరుకుతుంది. పేరు మజర్బుల్ గ్రంథం. కత్తిపోట్లు తగిలి, కొంత కాలి, పాతరక్తంతో నల్లబడి ఉంటుంది. మాంత్రికుడు గాండాల్ఫ్ పుటలు తిప్పుతూ ఒక మాట చదివి, రెండు మాటలు దాటి, మళ్ళీ ఒక మాట చదువుతాడు. చివరి పుటలో రాస్తున్న చెయ్యి జారి గీతగా మిగిలింది. ఆ ఊరు ఎలా నాశనమైందో మనకు ఆ ఖాళీల్లోంచే తెలుస్తుంది.

టోల్కీన్ ఆ పుటలు మూడింటిని స్వయంగా తయారుచేశాడు. కాగితం మీద తన లిపుల్లో రాసి, రంగు పులిమి, కుట్టురంధ్రాలు పొడిచి, అంచులు పొగాకు పైపుతో కాల్చాడు. రంగుల్లో అచ్చువేయడం ఖర్చని ప్రకాశకులు అప్పుడు వేయలేదు. ఏళ్ళ తరువాత గాని లోకం వాటిని చూడలేదు. ఆ కాలిన అంచులు చూసినప్పుడల్లా నాకు ‘బేవుల్ఫ్’ గుర్తుకొస్తుంది. ఆ ప్రాచీన ఆంగ్లకావ్యానికి ప్రపంచంలో ఉన్నది ఒకే ఒక్క ప్రతి. 1731లో లండన్‌లో అగ్నిప్రమాదంలో దాని అంచులు కమిలాయి. ఆ తరువాత కూడా ముట్టుకున్నప్పుడల్లా అక్షరాలు పొడిపొడిగా రాలిపోయాయి. 1787 ప్రాంతంలో థోర్కెలిన్ అనే ఐస్లాండ్ పండితుడు తీయించిన నకళ్ళలో అప్పటికి మిగిలి ఉన్న అక్షరాలు కొన్ని భద్రపడ్డాయి. ఆ కావ్యం మీద టోల్కీన్ 1936లో బ్రిటిష్ అకాడమీలో ఇచ్చిన ఉపన్యాసం కూడా, మనం ఇప్పుడు వింటున్నటువంటి స్మారకోపన్యాసమే. ఇజ్రాయెల్ గోలాంజ్ అనే పండితుని పేరు మీద ఇచ్చాడు. కమిలిన ప్రతి మీద జీవితమంతా వంగి కూర్చున్న మనిషి, తాను కల్పించిన లోకంలో పుస్తకం పెట్టవలసి వచ్చినప్పుడు కమిలిన ప్రతినే పెట్టాడు. ఆ చేతికి తెలిసిన పుస్తకం అదే.

ఇంకొక చిన్న సంగతి ఉంది. టోల్కీన్ అంతకుముందు రాసిన ‘హాబిట్’ 1937లో వచ్చింది. కథానాయకుడు బిల్బోకు ఉంగరం ఎలా దొరికిందో ఆ పుస్తకంలో ఒకలా ఉంది. తరువాతి నవలకు అది కుదరక 1951లో టోల్కీన్ ఆ అధ్యాయం మార్చాడు. మరి పాత అచ్చులో ఉన్నదేమిటి? బిల్బో మొదట అబద్ధం రాశాడనీ, కొన్ని నకళ్ళలో ఆ అబద్ధమే ఉండిపోయిందనీ, నిజం తెలిసిన నకళ్ళు వేరే ఉన్నాయనీ ఆ తరువాతి నవల పీఠికలో చెప్పాడు. తన సవరణను పాఠభేదం చేశాడు. ఇంత అందమైన పరిష్కారం నేను మరెక్కడా చూడలేదు.

5

ఇప్పుడు మన నేలకు వద్దాం. సోమదేవుని కథాసరిత్సాగరం పదకొండో శతాబ్దం నాటిది, కాశ్మీరంలో రాసినది. దాని మొదటి లంబకంలో ఉన్న కథ మనలో చాలామంది ఎరుగుదురు. ప్రతిష్ఠానపురంలో శాతవాహనుని కొలువులో గుణాఢ్యుడు మంత్రి. రాజుకు ఆరేళ్ళలో వ్యాకరణం నేర్పుతానన్నాడు. మరో మంత్రి శర్వవర్మ ఆరు నెలలు చాలన్నాడు. అలా జరిగితే సంస్కృతం, ప్రాకృతం, దేశభాష మూడూ విడిచిపెడతానని గుణాఢ్యుడు పంతం పట్టాడు. ఓడిపోయాడు. మాట నిలుపుకుని వింధ్యాటవికి వెళ్ళాడు. అక్కడ కాణభూతి అనే పిశాచం నోట పైశాచి భాషలో కథ విన్నాడు. అడవిలో సిరా లేదు. తన రక్తంతో ఏడేళ్ళు, ఏడు లక్షల శ్లోకాలు రాశాడు. శిష్యులు రాజు దగ్గరికి తీసుకెళితే, పిశాచభాష, రక్తాక్షరాలు అని రాజు తోసిపుచ్చాడు. గుణాఢ్యుడు అడవిలో అగ్నికుండం రాజేసి, ఒక్కొక్క పత్రం చదివి వినిపిస్తూ ఒక్కొక్కటే నిప్పులో వేశాడు. మృగాలు మేత మరిచి, కన్నీళ్ళతో చుట్టూ నిలబడి విన్నాయి. వాటి మాంసం ఎండిపోయి రాజు వంటశాలలో రుచి తప్పింది. కారణం వెతుక్కుంటూ రాజు వచ్చేసరికి ఆరు లక్షలు కాలిపోయాయి. లక్ష మిగిలింది.

శాతవాహనుల రాజ్యం తెలుగునేల మీద కూడా పరుచుకున్నది కాబట్టి ఈ కథ మనకు దగ్గరిది. కాని నేను దీన్ని తలుచుకోవడానికి కారణం వేరు. గుణాఢ్యుడు రాసిన ఆ బృహత్కథ నిజంగా ఉన్న గ్రంథం. దండి, బాణుడు దాన్ని పేర్కొన్నారు. పైశాచి మూలం పూర్తిగా పోయింది. సోమదేవుడు, క్షేమేంద్రుడు, బుధస్వామి తమ తమ సంస్కృతరూపాల్లో నిలిపినదే మనకు ముఖ్యంగా మిగిలింది. లవ్‌క్రాఫ్ట్ లేని పుస్తకానికి నిజమైన పేర్లతో చరిత్ర అల్లాడు. మనవాళ్ళు ఉన్న పుస్తకానికి అద్భుతమైన కథతో చరిత్ర అల్లారు. రెండు చరిత్రల ఆకారం ఒకటే. మూలభాష పోవడం, నిప్పు, పరాయిభాషలో తునకగా మిగలడం. బృహత్కథ ఎంత గొప్పదో చెప్పవలసి వచ్చినప్పుడు మన కథకుడు అందులోని ఒక్క శ్లోకమూ ఎత్తి చూపలేదు. కాలిపోయిన ఆరు లక్షలను లెక్కపెట్టి చూపాడు. లేళ్ళు ఏడ్చాయని చెప్పాడు. ఆ లేళ్ళు విన్న కథలేమిటో మనం ఎన్నటికీ వినలేం. ఆ మాట చదివిన ప్రతిసారీ నాకు గొంతు పూడుకుపోతుంది.

6

ఇక ఖాళీని పూరించినవాళ్ళ సంగతి.

లవ్‌క్రాఫ్ట్‌ను పాఠకులు ఆ గ్రంథం ఎక్కడ దొరుకుతుందని అడిగేవారు. కథల్లో ఎంత కల్పించినా ఉత్తరాల్లో ఆయన దాచలేదు, అది నా ఊహే అని రాసేవాడు. మరైతే మీరే రాయకూడదా అని కొందరన్నారు. సూచనలు చదివి వణికినవాళ్ళు అసలు పుస్తకం చూస్తే నిరుత్సాహపడతారని జవాబిచ్చాడు. ఆయనకు ఆ ఖాళీ విలువ తెలుసు.

ఆయన పోయాక ఇతరులు రాశారు. 1973లో స్ప్రేగ్ డి కాంప్ పీఠికతో ‘అల్ అజీఫ్’ పేరిట ఒక సంపుటం వచ్చింది. లోపల ఎవరూ చదవలేని, ఏ భాషకూ చెందని లిపిలో పుటలున్నాయి. అది ఒక రకంగా మర్యాద పాటించినట్టే. పుస్తకం అచ్చయింది కాని గ్రంథపాతం అలాగే ఉంది. 1977లో న్యూయార్క్‌లో ‘సైమన్’ అన్న ఒక్క పేరుతో మరొకటి వచ్చింది. పాత గ్రీకు వ్రాతప్రతికి అనువాదమని చెప్పుకుంది. మెసొపొటేమియా దేవతల పేర్లూ లవ్‌క్రాఫ్ట్ పేర్లూ కలిపి మంత్రాలుగా పేర్చారు. చవకప్రతి ఇప్పటికీ అమ్ముడవుతోంది. పిల్లలు దాన్ని నిజమనుకుని కొంటున్నారు. ఊహించి రాయడం తప్పని నేననను. మాతృక ఉందని చెప్పడమే తప్పు. లేని మాతృకను చూపించి సంతకం దాచుకోవడం తప్పు.

పోతన భాగవతం సంగతి మీకు తెలిసిందే. కొంత గ్రంథం శిథిలమైందని సంప్రదాయం చెబుతుంది. పంచమస్కంధం గంగన, షష్ఠం ఏర్చూరి సింగన, ఏకాదశ ద్వాదశాలు వెలిగందల నారయ రాశారు. వాళ్ళు పోతన పేరు వెనక దాక్కోలేదు. తమ స్కంధాల చివర తమ పేర్లు చెప్పుకున్నారు. ఎక్కడ ఆయన ఆగాడో, ఎక్కడ వీళ్ళు మొదలయ్యారో మనకు ఈనాటికీ తెలుసు. గోడకు పడిన కంతను కొత్త ఇటుకతో పూడ్చి, ఇటుక కొత్తదని చూపించారు. మన లేఖకులు కూడా అంతే. నడుమూ మెడా వంచి, చూపు నిలిపి కష్టపడి రాశాను, చూసిందే రాశాను, తప్పుంటే నన్ను నిందించకండి అని ప్రతి చివర రాసుకునేవారు. తమ చేతికీ మూలానికీ మధ్య ఉన్న దూరాన్ని వాళ్ళు పాఠకుడికి చెప్పి మరీ వెళ్ళారు.

గోడవార నిలబడి ఉన్న పిల్లలతో ఒక మాట. ఈ రోజు నన్నయలా పద్యం రాయమని యంత్రాన్ని అడిగితే క్షణంలో రాసిస్తుంది. పోయిన కావ్యాల పద్యాలను అలా పుట్టించడం రేపు చాలా తేలిక. మీలో ఎవరైనా ఆ పని చేస్తే ఆ పద్యం కింద మీ పేరు, తేదీ, యంత్రం పేరు రాయండి. దయచేసి రాయండి. వందేళ్ళ తరువాత ఎవరో ఒక పరిష్కర్త మీరు రాసినదాన్ని ముందుపెట్టుకుని కూర్చుంటాడు.

ప్రబంధరత్నావళి దగ్గర ఆగుతాను. ప్రభాకరశాస్త్రిగారు స్వయంగా కవి, చేయి తిరిగిన పద్యం ఆయనది. ఒక పోయిన కావ్యానికి మిగిలిన రెండు పద్యాల మధ్య మూడోది రాయడం ఆయనకు నిమిషం పని. రాసి ఉంటే పట్టుకోగలిగినవారు ఆనాడు మద్రాసులో ఎంతమంది ఉండేవారు? ఆయన రాయలేదు. రెండు పద్యాలుంటే రెండే అచ్చువేశారు.

మా ఇంటి కట్ట సంగతి చెబుతానన్నాను. విప్పినప్పుడు నా కళ్ళు పోలేదు. పసరూ మసీ కలిపి రాస్తే అక్షరాలు తేలాయి. చాలా కమ్మల్లో పశువుల రోగాలూ మందులూ ఉన్నాయి. గొంతువాపు, కుంటు, పాలు ఎండిపోవడం, ఏ ఆకు ఎంత, ఏ పూట. నడుమ ఎనిమిది కమ్మలు మాత్రం వేరే చేతిరాత. బీజాక్షరాల్లాంటివి ఉన్నాయి, గళ్ళు గీసి ఉన్నాయి. తెలిసినవారికి చూపించాను. ఇద్దరు రెండు రకాలుగా చెప్పారు, మూడోవారు చెప్పలేనన్నారు. నాయనమ్మ చెప్పిన మంత్రం అదేనేమో, కాదేమో.

కిందటేడు ఆ కట్టను ఒక భాండాగారానికి అప్పగించాను. దస్త్రంలో ఎక్కించే అమ్మాయి గ్రంథనామం అడిగింది. ఏదో ఒకటి చెప్పమంది, గడి ఖాళీగా ఉంటే కుదరదట. ‘పశువైద్యము’ అందామా, ‘మంత్రశాస్త్రము’ అందామా అని కలం పట్టుకుని చాలాసేపు ఆలోచించాను. మా నాయనమ్మ కోసం రెండోది రాయాలని చాలా అనిపించింది. చివరికి ఇలా రాయించాను: పేరు తెలియదు. ఆద్యంతములు లేవు. నడుమ ఎనిమిది పత్రములు వేరు హస్తము.